కోత యాక్టరు

మా మనవరాలు సెలవులకి వచ్చిందంటే ఒడిశాలో రాయగడ జిల్లా డొరగుడలో మా అల్లుడి క్వార్టర్లో కిటికీ పక్క మంచం, దాని పైనున్న ఫ్యాను, దాని దగ్గరున్న ప్లగ్గు పాయింటు అన్నీ దాని రాజ్యంలో కలిసిపోతాయి. భువనేశ్వర్‌లో సినిమాల గురించి చదువుతోంది. సినిమా చూస్తే చెడిపోతావని మా నాన్న నన్ను తిట్టేవాడు. సినిమా చూడకపోతే మార్కులు పోతాయని దీన్ని మాస్టార్లు తిడతారట. మొన్న మధ్యాహ్నం బయట టికిరి కొండల మీద వాన దిగుతోంది, నేను చింతపండులో పిక్కలు తీస్తున్నాను, అది ఒళ్ళో కంప్యూటరు పెట్టుకుని ఉన్నట్టుండి "అమ్మమ్మా, ఇది విను" అంది. ఫిలిప్పీన్స్ దేశంలో సినిమా పుట్టిన కొత్తలో ఒక నటుడుండేవాడట. నాటకాల్లోంచి వచ్చి మాటల్లేని సినిమాల్లో వేశాడు, మాటలొచ్చాక వాటిల్లోనూ వేశాడు. ఎన్ని వేశాడో ఎవరికీ తెలీదు, వాటిల్లో ఒక్కటీ ఇప్పుడు లేదు గనక. నిప్పుకి కొన్ని, చెమ్మకి కొన్ని, యుద్ధానికి కొన్ని పోయాయట. "బతుకంతా యాక్ట్ చేసిన మనిషిని చూద్దామంటే ఒక్క నిమిషం కూడా మిగల్లేదు. వాళ్ళింట్లో వాళ్ళకి ఎలా ఉంటుంది అమ్మమ్మా?" అని అడిగింది.

"మా మామ్మని అడగాల్సింది," అన్నాను నేను. చింతపండు మీదున్న ధ్యాసలో నోరు జారింది. అదేమో మంచం దిగి వచ్చి నా ఎదురుగా నేల మీద కూర్చుంది. మీ మామ్మకీ ఫిలిప్పీన్స్‌కీ ఏం సంబంధం అని. ఫిలిప్పీన్స్‌కి కాదే, యాక్టరుకి, మా తాత తొలి రోజుల టాకీల్లో యాక్టరు అన్నాను. ఇంత మాట ఇన్నేళ్ళూ ఎందుకు చెప్పలేదని అది నా మీద విరుచుకుపడింది. నువ్వు అడగలేదుగా అన్నాను గానీ అది నిజం కాదు. మా ఇంట్లో యాక్టరు అనే మాట చాలా ఏళ్ళు నవ్వుతూ తప్ప ఎవరూ అనలేదు. నవ్వులాటకి వాడిన మాటని పిల్లలకి ఆస్తిలా అప్పజెప్పాలని ఎవరికి తోస్తుంది? ఇక ఆ రోజు చింతపండు పని అంతటితో సరి.

మా వాళ్ళది గుణుపురం దగ్గర ఒక పల్లె. అంతకుముందు తరం శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి అక్కడ భూములు బాగుచేసుకున్నారు. మా తాతకి నాటకాల పిచ్చి. మా నాన్న ఇంకా పాకుతుండగా ఆయన గుణుపురంలో చిన్న రైలెక్కి, నౌపడాలో దిగి పెద్ద రైలెక్కి, ఒక నాటకాల కంపెనీతో కలకత్తా వెళ్ళిపోయాడు. ఆ రోజుల్లో తెలుగు సినిమా తియ్యాలంటే అక్కడికే పోయేవారు, ఒక్కోసారి కంపెనీకి కంపెనీ, హార్మోనియంతో సహా. ఆ తర్వాత మద్రాసు. మొత్తం పదకొండేళ్ళు. మధ్యలో నాలుగైదు సార్లు పండగలకి వచ్చి, పది రోజులుండి, మళ్ళీ రైలెక్కేవాడు. ఆఖరికి ఒకనాడు ఒక ట్రంకు పెట్టె, ఒక నిలువుటద్దం, ఒక పౌడరు డబ్బాతో వచ్చి, ఇంక వెళ్ళలేదు. పొలం పనికి పోతూ కూడా మొహానికి పౌడరు రాసుకునే మనిషిని మా పల్లె అంతకుముందు చూడలేదు. మీసం కూడా ఉంచేవాడు కాదు. "నటుడి మొగం పలకలాగ ఉండాల" అనేవాడు.

నాకు ఊహ తెలిసేసరికి ఆయనకి అరవై ఏళ్ళు. ఆయన చెప్పే స్టూడియో కబుర్లంటే నాకు ప్రాణం. మాటలు రికార్డు చేసే గదిలో గోడలకి బొంతలు వేలాడదీసేవారట, చప్పుడు రాకుండా. మైకుని పూలకుండీలో దాచిపెట్టేవారట, అందుకని రాజుగారు ఎంత కోపమొచ్చినా ఆ కుండీని వదిలి రెండడుగులు కదలకూడదు. కాకి అరిస్తే అందరూ మొదటి నుంచి మళ్ళీ మొదలెట్టాలి. కాకుల్ని తోలడానికే ఒక మనిషి ఉండేవాడు, ఆ మనిషి దగ్గితే వాడిని తోలడానికి ఇంకొకడు. దీపాల వేడికి కళ్ళు ఎర్రబడి పోతే సాయంత్రం పచ్చిపాలలో గుడ్డ తడిపి వేసుకునేవారు. ఇవన్నీ చెప్పి, నువ్వేం వేషం వేశావు తాతా అని అడిగితే మాత్రం మాట మెత్తబడిపోయేది. "రానీగారి పక్కనుండే యేసమమ్మీ. రానీగారు ఏడిస్తే నాను పక్కనుండాల్సిందే" అనేవాడు. నేను మంత్రి అనుకునేదాన్ని. మా నాన్న రాణీగారి అన్న అనుకునేవాడు. ఆ మాటలో ఒక్క అబద్ధం కూడా లేదు, పాపం. మేమే ఎవరికి తోచిన కిరీటం వాళ్ళం పెట్టుకున్నాం.

మా మామ్మకి మాత్రం కిరీటాలతో పని లేదు. ఆ పదకొండేళ్ళూ ఆవిడ చంకలో పిల్లాడితో, మరిది సాయంతో సేద్యం నడిపించుకుంది. ఊరు ఊరికే ఉంటుందా! కలకత్తాలో హోటల్లో కప్పులు కడుగుతున్నాడని ఒకరు, అక్కడొక ఆవిడతో కాపురం పెట్టాడని ఇంకొకరు. ఎవరేమన్నా మామ్మ ఎదురు చెప్పలేదు, ఎదురు చెప్పడానికి ఆవిడ చేతిలో ఏముంది? ఒక్క ఫోటో కూడా లేదు. ఆయన తిరిగొచ్చాక కూడా ఏడవలేదట, తిట్టలేదట. ఒక్కటే అందట, అదే మాట నా చిన్నప్పుడు కూడా అప్పుడప్పుడూ అనేది. "నా పదకొండేళ్ళూ ఎటు పోనాయో ఒక్కపాలి ఆ బొమ్మలో నాకు సూపించమను. ఆపైన నానేటీ అడగను." అంతే. అదే ఆవిడ కోరిక, అదే ఆవిడ కక్ష. ఆయన నిజంగా తెర మీద ఉంటే తన కష్టం ఒక పనికి పోయినట్టు. లేకపోతే ఊరన్నదే నిజం.

నేను పుట్టక ముందే ఒకసారి రాయగడలో డేరా సినిమాకి తాత వేసిన పాత బొమ్మ ఒకటి వచ్చిందట. రెండు బళ్ళు కట్టుకుని వెళ్ళారు. బొమ్మంతా అయిపోయింది, తాత కనిపించలేదు. అడిగితే "నా సీను కోసేసినార్రా" అన్నాడు. అందులో వింతేమీ లేదు. అప్పట్లో పెద్ద ఊళ్ళన్నీ తిరిగి తిరిగి మా కొండల్లోకి వచ్చేసరికి ఆ రీళ్ళు తెగి, అతుకులు పడి, చివర్లు ఊడి, సగానికి సగం అయ్యేవి. కోపంతో అడవికి వెళ్ళిన రాజు ఏ దారిన తిరిగొచ్చాడో చెప్పకుండానే పట్టాభిషేకం అయిపోయేది. అందుకని నమ్మారు. తర్వాత జయపురంలో ఇంకో సినిమా. అప్పటికి నాకు ఆరేళ్ళు, నాకూ గుర్తే. అక్కడా తాత లేడు. అక్కడా కోసేశారు. హాలు బయటికి వస్తూ ఆయన తమ్ముడు, మా చిన్నతాత, తలపాగా సర్దుకుంటూ "ఏటన్నయ్యా, నిన్ను కొయ్యడానికే సినిమాలు తీసినారేటి?" అన్నాడు. ఆ రోజు నుంచి మా ఊళ్ళో ఆయన పేరు కోత యాక్టరు. చంటిపిల్లలు కూడా అనేవారు. తాత నవ్వేవాడు. మామ్మ నవ్వేది కాదు.

మా నాన్నకి మాచ్‌ఖండ్ పవర్‌హౌస్‌లో ఉద్యోగమయ్యాక తాతా మామ్మా మా దగ్గరికి కాలనీకి వచ్చేశారు. ఆ కాలనీ గురించి చెప్పాలంటే ఒక రోజు చాలదు. పొద్దున్న మంచులో పక్కింటి వాళ్ళ గొంతు వినిపిస్తుంది, ఇల్లు కనిపించదు. ఆంధ్రావాళ్ళూ ఒడియావాళ్ళూ ఒకే కుళాయి దగ్గర రెండు భాషల్లో పోట్లాడుకుని, సంతలో మాత్రం కొండవాళ్ళతో వాళ్ళ దేశియా భాషలో బేరమాడేవారు. నాన్న డ్యూటీకి వెళ్ళాలంటే ట్రాలీలో కొండ కిందికి జారాలి. మామ్మ మొదటి రోజు అది చూసి, ఇది ఉద్యోగమా, బావిలో చేద దించడమా అంది. నెలకి రెండు సార్లు క్లబ్బు ముందు మైదానంలో రెండు స్తంభాలకి గుడ్డ తెర కట్టి సినిమా వేసేవారు. ముందు ఆఫీసర్ల కుర్చీలు, వెనక మా చాపలు. చుట్టుపక్కల కొండ ఊళ్ళ వాళ్ళు తెరకి అవతలి వైపు కూర్చునేవారు. అటు కూర్చుంటే ఎవరూ అడ్డు రారు, బొమ్మ దగ్గరగా కనిపిస్తుంది. కాకపోతే తిరగబడి కనిపిస్తుంది, అంతే తేడా.

నేను ఏడో క్లాసులో ఉండగా క్లబ్బువాళ్ళు చవగ్గా వస్తోందని ఒక పాత పౌరాణికం తెప్పించారు. పేరు చెప్పను, చెప్పినా ఎవరికీ తెలీదు. నోటీసు బోర్డు మీద ఆ పేరు చూసి వచ్చి నేను ఇంట్లో చెప్పాను. తాత మొహంలో పౌడరు కింద రంగు మారింది. అది జయపురంలో చూసిన సినిమాయే, మళ్ళీ చూసేదేముంది, మంచు పడుతుంది, మీ మామ్మకి దగ్గు అన్నాడు. మామ్మకి అప్పటికే రెండు కళ్ళలోనూ పొర కమ్మింది. మొహాలు పోల్చుకోలేదు, కదలిక తెలుస్తుంది. విశాఖపట్నం వెళ్ళి ఆపరేషను చేయించుకోమంటే కళ్ళు కోస్తారా, నా వల్ల కాదు అనేది. ఆవిడ తాత మాట చెవిన పెట్టకుండా నా చెయ్యి పట్టుకుని క్లబ్బుకి నడిచింది. ప్రొజెక్టరు నడిపేది మా లైనులోనే ఉండే ఎలక్ట్రీషియను, విజయనగరం మనిషి. "బాబూ, నువ్వు ఇందులో ఒక్క ముక్క కోసినా నాకు తెలస్తాది. నా మొగుడు ఉన్నాడో లేడో ఈపాలి తేలిపోవాల. మల్లీ సూడ్డానికి నాకు కళ్ళుండవు" అంది. ఆయన బిత్తరపోయి, "డబ్బాల్లో ఏటొచ్చిందో అదంతా ఏసేస్తానండి మామ్మగారూ. ఒక్క అడుగు కొయ్యను, మా పిల్లల మీదొట్టు" అన్నాడు.

దాంతో వ్యవహారం ముదిరింది. కొయ్యలేదని తేలాక కూడా తాత కనిపించకపోతే ఇంక చెప్పడానికి ఏ సాకూ ఉండదు. నాకు పన్నెండేళ్ళు గానీ ఆ మాత్రం అర్థమైంది. ఆ శనివారం సాయంత్రం సినిమా. తాత మోకాళ్ళ నొప్పులని ఇంట్లోనే ఉండిపోయాడు. నాన్నకి డ్యూటీ. నేనూ మామ్మా వెళ్ళాం. చాపల దగ్గర కూర్చుంటే ఆవిడకి తెర మీద తెల్లటి వెలుగు తప్ప ఏమీ ఆనలేదు. కుర్చీల ముందుకి పోనివ్వరు. "అటేపు పోదామమ్మీ" అని లేచింది. అలా కొండవాళ్ళ మధ్య, తెరకి నాలుగు మూరల దూరంలో, ఇద్దరం సర్దుకుని కూర్చున్నాం. నా పక్కనున్న ముసలాయన నాకు కొంచెం వేయించిన చింతగింజలు పెట్టాడు.

అటు వైపు నుంచి పౌరాణికం చూసిన వాళ్ళు మీలో ఎంతమంది ఉన్నారో నాకు తెలీదు. అక్షరాలన్నీ మొహం తిప్పుకున్న బంధువుల్లా వచ్చి వెళ్ళిపోయాయి. రాజుగారు ఎడమచేత్తో కత్తి దూశాడు, మహర్షి ఎడమచేత్తో ఆశీర్వదించాడు, పెళ్ళి విందులో అందరూ ఎడమచేత్తోనే భోంచేశారు. ఎడమచేత్తో తినే రాజుని చూసి కొండవాళ్ళు కడుపు చెక్కలయ్యేలా నవ్వారు. నా ఉద్యోగం నాది. ప్రతి మగ మొహాన్నీ చూసి మామ్మకి చెప్పాలి. మంత్రి వచ్చాడు. "ఈడేనా?" "కాదు మామ్మా, ఈడికి ముక్కు పెద్దది." సేనాపతి వచ్చాడు. "ఈడు?" "కాదు." ద్వారపాలకులిద్దరూ, రథం తోలేవాడు, వంటవాడు, అడవిలో బోయలు, ఎవరినీ వదల్లేదు. గడ్డాల్లో కూడా వెతికాను. మూడు రీళ్ళు మారాయి. మామ్మ అడగడం మానేసింది. ఆవిడ చెయ్యి నా చేతిలోనే ఉంది. నాకు ఏడుపొచ్చింది. తాత మీద కోపంతో వచ్చిన ఏడుపు అది. ఇంటికెళ్ళి ఆయన పౌడరు డబ్బా నూతిలో పారేద్దామనుకున్నాను.

నాలుగో రీలులో రాణీగారిని వీధిలోకి గెంటేస్తే పాత దాసి ఇంటికి వెళ్తుంది. అక్కడ ఆ దాసి తిరగలి ముందు కూర్చుని పిండి విసురుతూ ఉంటుంది. ఏడుస్తూ రాణీగారు పద్యం అందుకుంది, దాసి వింటూ విసురుతోంది. మామ్మ నా చెయ్యి నొక్కింది. "ఆ తిరగలి కాడ కూకున్నది ఎవులమ్మీ?" "ఎవులో దాసి మామ్మా. తాత కాదు." "మీ తాత కాదని నానెరగనేటి? ఆ మనిషి ఎవులని అడగతన్నాను." నేను మళ్ళీ చూశాను. దాసి ఎడమచేత్తో తిరగలి తిప్పుతోంది, కుడిచేత్తో గింజలు పోస్తోంది. పోసే ముందు ప్రతిసారీ గుప్పెట్లోకి ఉఫ్‌మని ఒకసారి ఊదుతుంది. కొంగు జారితే చేత్తో సర్దుకోదు, భుజం ఒక్కసారి ఎగరేసి గడ్డంతో అదుముకుంటుంది. అంతా నాకు రోజూ కనిపించేదే, అందుకే నాకు కనిపించలేదు. మా మామ్మది పుర్రచేతివాటం. తిరగలి దగ్గర ఆవిడ చేసేది సరిగ్గా ఇదే, ఉఫ్‌తో సహా.

"ఓలమ్మ," అంది మామ్మ. "అది నానే." ఆవిడకి మతి పోయిందనుకుని నేను భయపడ్డాను. ఆవిడ లేచి, నేను పట్టుకునే లోపల రెండడుగులు వేసి, దాసి చెయ్యి ఉన్న చోట తెర మీద చెయ్యి పెట్టింది. గుడ్డ తెర ఊగింది. అవతల రాణీగారి మొహం ముడతలు పడి ఉంటుంది, ఆఫీసర్లు లేచి అరిచారు, ఎవరో టార్చి వేశారు. కొండవాళ్ళు ఆవిడని నెమ్మదిగా పట్టుకుని కూర్చోబెట్టారు. ఆ తర్వాత దాసి మరి కనిపించలేదు. మామ్మ సినిమా అయ్యేదాకా కదలలేదు, ఇంటికొచ్చాక నేరుగా వెళ్ళి పడుకుంది.

తెల్లారి మంచు ఇంకా వీడలేదు. మామ్మ వరండాలో చాప వేసి, తిరగలి మధ్యన పెట్టి, చోళ్ళు, అంటే రాగులు, పోసుకుని కూర్చుంది. నాన్న నైటు డ్యూటీ దిగి వచ్చి గుమ్మంలో చెప్పులు విప్పుతున్నాడు. "ఇలా వచ్చి కూకో మావా," అంది. తాత వచ్చి ఎదురుగా కూర్చున్నాడు. ఆవిడ నాలుగు చుట్లు తిప్పి పిడి వదిలేసి, "నువ్వు తిప్పు" అంది. తాత నాన్న వైపు చూశాడు, నా వైపు చూశాడు. అరవై ఏళ్ళు దాటిన మనిషి. మెల్లిగా ఎడమ కాలు మడిచి, వీపు కొంచెం వంచాడు. అంతే, మా తాత లేడు. పిడి తిప్పుతూ, గుప్పెట్లోకి ఊది, భుజం ఎగరేసి లేని కొంగుని గడ్డం కింద అదుముకున్నాడు. చాపకి ఇటు ఒక మామ్మ, అటు ఒక మామ్మ. ఒకటే తేడా, తాత కుడిచేత్తో తిప్పుతున్నాడు. నాన్న ఒక చెప్పు కాలికీ, ఒకటి చేతిలోనూ పెట్టుకుని అలాగే ఉండిపోయాడు.

"ఎన్నాళ్ళు దాసేవు మావా?" అంది మామ్మ.

"ఏటని సెప్పమంటావు?" తాత పిడి వదల్లేదు. "ఆడయేసం కట్టి పిండి ఇసిరేనని ఊళ్ళో సెప్పనా? తమ్ముడు తలెత్తుకుని తిరగ్గలడా? ఈడు పవర్‌హౌస్‌లో తలెత్తుకోగలడా? కోసేసినారంటే నవ్వేసి ఒగ్గేస్తారు." మళ్ళీ ఒక చుట్టు తిప్పి అన్నాడు. "పెద్ద యేసాలకి ఆడోళ్ళు దొరికేవోరు. పనిమనిషి యేసానికి ఎవులూ వచ్చేవోరు కాదు. పని సేసే ఆడది ఎలాగుంటాదో సూపించరా అన్నారు. నాకు నువ్వొక్కర్తివే తెలుసు. పండక్కొచ్చినప్పుడల్లా నువ్వు ఇసురుతుంటే ఎదరగా కూకుని నేర్సుకున్నాను. ఎనిమిది సినిమాల్లో నువ్వే."

"ఎదరగా కూకుంటే నాకు కాపలా కాసేవనుకున్నాను," అంది మామ్మ. "మొగుడు లేని ఇంట్లో మరిదేటని ఊరోళ్ళు అన్న మాటలు నువ్వూ ఇన్నావేమో, నా మీద అనుమానమేమో అని సచ్చిపోయేదాన్ని."

కుడీ ఎడమల సంగతి నాకు ఆ చాప మీదే తెలిసింది. తాత ఎదురుగా కూర్చుని నేర్చుకున్నాడు. ఎదుటి మనిషి ఎడమచెయ్యి మన కుడిచేతి వైపుంటుంది కదా, ఆయన తన కుడిచేత్తో అదే పట్టేశాడు. జయపురంలో ముందు నుంచి చూసినప్పుడు ఆ దాసి ఎవరో కుడిచేతి మనిషి. పైగా అప్పుడు మేమంతా మీసాల్లో వెతుకుతున్నాం. మాచ్‌ఖండ్‌లో అవతలి వైపు కూర్చునేసరికి బొమ్మ తిరగబడి, ఆ దాసి మళ్ళీ మా మామ్మ అయిపోయింది. కళ్ళున్న నాకు మొహాలు కనిపించాయి. కళ్ళు మసకేసిన ఆవిడకి ఆ చేతులే కనిపించాయి. నాకు ఈ కిటుకు తెలిసి తెగ సంబరమేసింది, పైకి చెప్పబోయాను గానీ మామ్మ మొహం చూసి ఆగిపోయాను.

"నా సేతులు పట్టుకుపోనావు," అంది ఆవిడ. "నన్నొగ్గేసి పోనావు."

తాత తలొంచుకుని కూర్చుంటే కన్నీళ్ళకి పౌడరు చారలు కట్టింది. మామ్మ పిడి తన వైపు లాక్కుని మిగిలిన చోళ్ళు విసిరేసింది. పని సగంలో వదలడం ఆవిడకి రాదు.

నాన్న రెండో చెప్పు కూడా తొడుక్కుని బయటికి వెళ్ళిపోయాడు. ఉద్యోగస్తుడికి పరువు తక్కువగా ఉందేమో అనుకున్నాను. గంటలో తిరిగొచ్చాడు. రీళ్ళ డబ్బాలు మధ్యాహ్నం బస్సుకి వెళ్ళిపోతాయి, ఆ లోపల నాలుగో రీలు ఒక్కటీ మళ్ళీ వేస్తానని ఎలక్ట్రీషియను ఒప్పుకున్నాడు అని చెప్పాడు. క్లబ్బు సామాన్ల గదిలో కిటికీలకి గోనెలు కట్టారు. అడ్డంగా పంచె కట్టి, అవతలి వైపు ఇద్దరికీ చాప వేశారు. తాత రానన్నాడు. "అమ్మ కూకుంటాది, నువ్వూ కూకో నాన్నా," అని మా నాన్న ఆయన చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళాడు. ఆయన తాత చెయ్యి పట్టుకోవడం నేను అదే మొదటిసారి చూడడం. తాత తన సినిమా తను ఎప్పుడూ ఆ వైపు నుంచి చూడలేదు. దాసి గుప్పెట్లోకి ఊదింది. ఆయన అది చూసి, పక్కనున్న మామ్మతో అన్నాడు. "నాకంటే నువ్వే బాగా సేసేవే." మామ్మ ఇంక ఆపుకోలేక నవ్వేసింది, భుజం ఎగరేసి కొంగు గడ్డం కింద అదుముకుంటూ.

ఇదంతా చెప్పాక మా మనవరాలు రెండు రోజులు కంప్యూటరు వదల్లేదు. ఆ సినిమా ఎక్కడా లేదు. మిగతా ఏడూ లేవు. ఒక చోట పాత నటుల పట్టిక దొరికింది, అందులో రాజు ఉన్నాడు, రాణి ఉంది, దాసి పేరు వెయ్యలేదు. "ప్రూఫ్ లేదు అమ్మమ్మా," అంది నీరసంగా. లేదు మరి. తాత పోయి యాభై ఏళ్ళు దాటింది. ఆయన పోయిన పదోనాడు చుట్టాలంతా కోత యాక్టరు కబుర్లు చెప్పుకుని నవ్వుతుంటే, అప్పటికి పూర్తిగా చూపు పోయిన మా మామ్మ మొదటిసారి వాళ్ళతో పాటు నవ్వి, నా వైపు తిరిగి మెల్లిగా అంది. "ఆ పదకొండేళ్ళూ ఒంటరిగా ఉన్నాననుకున్నానమ్మీ. రెండు సోట్ల బతికేనని నాకేటి తెలుసు?" పోయిన కాలం ఎక్కడికీ పోదని పెద్దలు ఊరికే అనలేదు గానీ, దాన్ని వెతికేటప్పుడు మనం ఎప్పుడూ తప్పు మొహాల్లోనే వెతుకుతామని కూడా ఎవరైనా ముందే చెప్పి ఉంటే బాగుండేది.